గేమ్ మిషన్‌కు మారుమనస్సు

మా సంఘంలో నన్ను కంప్యూటర్ బ్రదర్ అనేవాళ్ళు. హిందూపురం బస్టాండు వెనక సందులో ఒక చిన్న కంప్యూటర్ సెంటర్‌లో పిల్లలకు టైపింగు నేర్పేవాణ్ణి. ఆ మాత్రం చాలు, మందిరంలో కీబోర్డు మోగకపోయినా, మైకు కీచుమన్నా, ఎవరి సెల్‌ఫోన్‌లో తెలుగు అక్షరాలు డబ్బాలుగా కనిపించినా అందరూ నా దగ్గరికే తెచ్చేవాళ్ళు. సగం సార్లు బాగయ్యేది. మిగతా సగం సార్లు ఆ వస్తువు మీద చెయ్యి పెట్టి ప్రార్థన చేసి, రెండు దెబ్బలు తట్టి, “ఇది కంపెనీ నుంచే ఇట్లా వచ్చింది బ్రదర్” అని తిరిగి ఇచ్చేసేవాణ్ణి. నా విశ్వాసం మీద గౌరవం కొద్దీ ఎవరూ ఎదురు అడిగేవాళ్ళు కాదు. అది నా తెలివి మీద గౌరవమని నేను అనుకునేవాణ్ణి.

అప్పటికి నాకు పెళ్ళి సంబంధాలు చూడటం మొదలై చాలా కాలమైంది. నాయన లేడు. అమ్మే నన్ను వెంటబెట్టుకుని ఊర్లు తిరిగేది. సంబంధాలు కుదరకపోవడానికి కారణం ఆమె దృష్టిలో ఒక్కటే, నా నోరు. కదిరిలో ఒక ఇంట్లో అమ్మాయి కాఫీ తెచ్చి ఇవ్వగానే, రోజుకు ఎన్ని అధ్యాయాలు చదువుతావని అడిగాను. ఆ పిల్ల కప్పు బల్ల మీద పెట్టి లోపలికి పోయింది, మళ్ళీ రాలేదు. మరో ఇంట్లో అమ్మాయి తండ్రి ఒక వాక్యం ఎత్తి, అది ఫలానా ప్రవక్త పలికిన మాట అన్నాడు. ఆ ప్రవక్త కాదు, ఇంకో ప్రవక్త అని మర్యాదగానే దిద్దాను. గ్రంథం తెప్పించి, చోటు తీసి, వేలు పెట్టి చూపించాను. నేను చెప్పిందే నిజమని తేలింది. సంబంధం మాత్రం తేలిపోయింది.

“నీకు పెండ్లాము కావల్లనా, సండే స్కూలు పిల్లోళ్ళు కావల్లనా?” అని బస్సులో అమ్మ అందరూ వినేటట్టు అడిగింది.

ఆ తర్వాత ధర్మవరం సంబంధం వచ్చింది. తెచ్చింది పెనుకొండ పాస్టరుగారి భార్య. మేమంతా ఆమెను అమ్మగారు అనేవాళ్ళం. అమ్మాయి తండ్రి రైల్వేలో గార్డుగా పనిచేసి రిటైరైన మనిషి, ధర్మవరం సంఘంలో పెద్ద. అమ్మాయి ఒక ప్రైవేటు బడిలో లెక్కలు చెబుతుంది. ఈమెను నేను అంతకుముందే చూశాను. పెనుకొండలో యవ్వనస్థుల కూటం జరిగినప్పుడు నేను వీడియో గేముల మీద సందేశం ఇచ్చాను. గేములు సాతాను వేసిన గాలాలని, వేళ్ళతో మొదలై ఆత్మ దాకా లాగుతాయని చెమటలు కారేటట్టు చెప్పాను. ధర్మవరం నుంచి వచ్చిన ఆడపిల్లల వరుసలో ఆ అమ్మాయి కూర్చుని, నేను మాట్లాడినంత సేపూ చిన్నగా నవ్వుతూనే ఉంది. అది ఆత్మానందమని అర్థం చేసుకున్నాను. ఆ నవ్వు నన్ను హిందూపురం దాకా వదల్లేదు. అందుకే అమ్మగారు ఈ సంబంధం మాట ఎత్తగానే, ప్రార్థించి చెబుతానని పెద్దమనిషిలా పలికి, లోపలికి పోయి ఇస్త్రీ చొక్కాలు వెతుక్కున్నాను.

“ఈసారి నోరు జారితే ఇంకో సంబంధం నేను తేలేను నాయనా,” అని అమ్మగారు ముందే చెప్పింది. “ఆ పిల్ల ఇప్పటికే శానా మందిని వద్దనింది.”

పెళ్ళిచూపులకు ముందు వారంలో అమ్మాయి అన్న ఫోన్ చేశాడు. బెంగళూరులో ఉద్యోగం, సెలవు పెట్టి వచ్చాడు.

“బావా అనల్లనో, బ్రదర్ అనల్లనో తెలీడంలే,” అని మొదలుపెట్టాడు. “నీకు కంప్యూటర్లు బాగా వస్తాయంటనే. నా దగ్గర చేతిలో పట్టుకుని ఆడే గేమ్ మిషన్ ఒకటి ఉండాది. దానికి కస్టమ్ ఫర్మ్‌వేర్ ఎక్కించల్ల. వస్తుందా నీకు?”

బావ అన్న మాట చెవిలో పడ్డాక ఏది రాదని చెప్పగలను? “అదెంత పని,” అన్నాను. ఫోన్ పెట్టేసి సెంటర్‌కు పరుగెత్తి, కస్టమ్ ఫర్మ్‌వేర్ అంటే ఏమిటో ఇంటర్నెట్‌లో వెతికాను.

సంగతి ఇది. ఆ మిషన్‌కు పుట్టుకతో కంపెనీ పెట్టిన లోపలి ప్రోగ్రామ్ ఒకటి ఉంటుంది. అది కంపెనీ ఒప్పుకున్న వాటినే నడపనిస్తుంది. దాన్ని తీసి, బయటి నిపుణులు రాసిన ఇంకో ప్రోగ్రామ్ ఎక్కిస్తే, చిన్న డిస్కుల్లో కొన్న గేములను మెమరీ కార్డులోకి ఎక్కించుకుని డిస్కు లేకుండానే ఆడుకోవచ్చు. పాతకాలం టీవీ గేములు కూడా ఆడుకోవచ్చు. పనంతా ఒక బటన్ నొక్కి వేచి ఉండటమే. అయితే ఎక్కుతుండగా కరెంటు ఆగితే పాతదీ ఉండదు, కొత్తదీ ఉండదు. మిషన్ చచ్చిపోతుంది. దాన్ని ఇంటర్నెట్ జనం ఇటుక అంటారు, ఎందుకంటే ఆ తర్వాత అది అంతకు మించి దేనికీ పనికిరాదు.

చదివిన కొద్దీ నాకు వణుకు తగ్గి ఉత్సాహం పెరిగింది. శరీరం అదే, లోపలి మనిషి మారాడు. పాత స్వభావం పోయి కొత్త స్వభావం వచ్చింది. ఇది మారుమనస్సు కాక మరేమిటి? గేములు సాతాను గాలాలని చెప్పిన నోటితోనే, గేమ్ మిషన్‌ను ఉదాహరణగా పెట్టి ఒక ప్రసంగం తయారు చేసుకున్నాను. అమ్మాయి తండ్రి ముందు దాన్ని వినిపించాలని నిర్ణయించుకున్నాను. మిషన్‌ను ఎలా కాపాడాలో చదవడం కంటే ఆ ప్రసంగానికి మంచి ముగింపు ఆలోచించడానికే ఎక్కువ సమయం పట్టింది.

ఆదివారం ఆరాధన ముగించుకుని అమ్మా నేనూ మధ్యాహ్నానికి ధర్మవరం చేరాం. అమ్మగారు పెనుకొండలో మా రైలే ఎక్కింది. వాళ్ళ ఇల్లు స్టేషనుకు దగ్గరే. పక్కింట్లో చేతిమగ్గం ఆడుతున్న చప్పుడు గోడలోంచి వస్తూ ఉంది. ఉగ్గాని, బజ్జీ పెట్టారు. అమ్మాయి ప్లేట్లు అందించి తండ్రి పక్కన కూర్చుంది. నేను అధ్యాయాల సంగతి అడగలేదు. అమ్మ నా వైపు మెచ్చుకోలుగా చూసింది.

అన్న ఆ మిషన్ తెచ్చి టీపాయ్ మీద పెట్టాడు. మెమరీ కార్డు నేను ముందే సిద్ధం చేసుకుని వచ్చాను.

“బ్యాటరీ కొంచెం పాతది,” అన్నాడు. “నిండుగా ఉన్నట్టు చూపిస్తాది గానీ, ఛార్జర్ పీకితే ఒక పాటకు మించి నిలబడదు.”

“ఛార్జర్ పెట్టే ఉంటుంది కదా,” అన్నాను. “కరెంటు పోదు కదా?”

“ఆదివారం యాడ పోతాదిలే.”

పెద్దాయన కళ్ళజోడు సవరించుకుని ముందుకు వంగాడు. “ఏమప్పా, కంపెనీ వాడు పెట్టిన తాళం మనం తీస్తాండామంట. ఇది దొంగ పని కాదు కదా? ఆదివారం పూట నా ఇంట్లో అట్లాంటి పని జరగనీను.”

ఈ ప్రశ్న నేనూ వేసుకున్నాను, ప్రార్థనలో పెట్టుకున్నాను. అందుకే సూటిగా చెప్పాను. “కొన్న మిషన్ మనదయ్యా. కొన్న డిస్కులో ఉన్నదాన్ని కార్డులో పెట్టుకుంటే తప్పు లేదు. కొననిది తెచ్చి పెట్టుకుంటే దొంగతనమే. అది చేయనని మీ అబ్బాయి మాట ఇస్తేనే నేను బటన్ నొక్కుతా.”

అన్న ముఖం కొంచెం వాడింది. కొననివి చాలా ఆడాలని ఆశపడ్డాడని అప్పుడే తెలిసింది. తండ్రి చూస్తున్నాడు కాబట్టి తల ఊపాడు. పెద్దాయనకు ఆ జవాబు నచ్చింది. అక్కడితో ఆగి ఉంటే ఎంత బాగుండేది. ఆయన ముఖం చూసి ఊపు వచ్చి, పాత స్వభావం, కొత్త స్వభావం అంటూ మొత్తం ప్రసంగం విప్పాను.

ఆయన అంతా శ్రద్ధగా విని, “బాగుండాది. మరి బాప్తిస్మం మధ్యలో కరెంటు పోతే ఎట్లప్పా?” అన్నాడు.

అమ్మాయి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

ఆ వేళాకోళం తట్టుకోలేకనే అసలు తప్పు చేశాను. ఏ మంచి మాట మొదలుపెట్టినా ముందు మోకాళ్ళ మీద ప్రార్థన చేయడం మా ఇళ్ళల్లో అలవాటు. పెద్దాయన ప్రార్థనకు లేవగానే నాకు ఒక ఆలోచన తట్టింది. ప్రార్థన మొదలయ్యేటప్పుడే బటన్ నొక్కితే, ఆమెన్ అని కళ్ళు తెరిచేసరికి నూరు శాతం పూర్తయి ఉంటుంది. చూసినవాళ్ళు దేవుని మహిమపరుస్తారు. ఆ పక్కనే నన్నూ కొంచెం మహిమపరుస్తారు.

“అయ్యా, మీరు మొదలుపెట్టండి, నేను దీన్ని మొదలుపెడతా,” అని బటన్ నొక్కాను. తెర మీద సున్నా శాతం అని వచ్చింది. కళ్ళు దానిమీద పెట్టి కాపలా కాయాల్సిన పని అది. నేను కళ్ళు మూసుకున్నాను. పైగా మా వాళ్ళు మోకరించేటప్పుడు వెనక్కి తిరిగి, కుర్చీ మీద మోచేతులు ఆనించి, ముఖం అటు పెట్టుకుంటారు. మిషన్ నా వీపు వెనకాల పడింది.

పెద్దాయన ప్రార్థన ఎంత పొడుగో అమ్మగారు చెప్పనే లేదు. సంఘం కోసం, సంఘంలో ప్రతి ఇంటి కోసం, ఆయనతో పనిచేసిన డ్రైవర్ల కోసం, గేట్లు వేసే వాళ్ళ కోసం, ఇప్పుడు పట్టాల మీద ఉన్న ప్రతి బండి కోసం ప్రార్థించాడు. గుంతకల్లు దిక్కు బండ్లు అయిపోయి బెంగళూరు దిక్కు బండ్లు మొదలుపెట్టినప్పుడు, తల మీద ఫ్యాను తిరగడం ఆగింది.

ముందు చప్పుడు ఆగింది. తర్వాత మెడ మీద గాలి ఆగింది. నాకు అర్థమైంది. కరెంటు పోయింది.

నా వెనక ఒక పాటకు మించి నిలబడని బ్యాటరీ మీద మిషన్ నడుస్తూ ఉంది. లేచానా, సంఘ పెద్ద ఇంట్లో ప్రార్థన మధ్యలో ఒక ఆటబొమ్మ కోసం లేచినవాణ్ణి అవుతాను. లేవలేదా, కాబోయే బావమరిది చేతిలో ఇటుక పెట్టినవాణ్ణి అవుతాను. ఎటు చూసినా ధర్మవరం సంబంధం పోయినట్టే. ఆ అమ్మాయి నవ్వు గుర్తొచ్చింది. ప్రభువా, ఈ ఒక్కసారి కరెంటు ఇవ్వు అని నా మనసులో నేను వేరే ప్రార్థన మొదలుపెట్టాను. పెద్దాయన గొంతు నా ప్రార్థనను తొక్కుకుంటూ పోతూనే ఉంది.

ఇక ఆగలేక, మోకాళ్ళ మీదే మెల్లగా వెనక్కి తిరిగి ఒక కన్ను తెరిచాను. టీపాయ్ అవతల ఇంకో రెండు కళ్ళు తెరుచుకుని ఉన్నాయి. ఆ అమ్మాయి మిషన్ అంచున ఆరుతూ వెలుగుతూ ఉన్న చిన్న బ్యాటరీ దీపం వైపు చూస్తోంది. తల ఎత్తి నన్ను చూసింది. ఇద్దరం ఒకరికొకరం దొరికిపోయాం.

“ఇన్వర్టర్ ప్లగ్గు యాడైనా ఉండాదా?” అని పెదాలతో అడిగాను. మేమిద్దరం మాట్లాడుకున్న మొదటి మాట అదే.

ఆమె లోపలి గది వైపు వేలు చూపించి, ఛార్జర్ పీకి, మిషన్‌ను పూజారి హారతి పళ్ళెం పట్టుకున్నట్టు రెండు చేతుల్లో పట్టుకుని లేచింది. ఆ పోలిక నాకు తోచకూడదు, కానీ తోచింది. నేను లేవలేదు. మోకాళ్ళ మీద ఉన్నంతసేపు ప్రార్థనలో ఉన్నట్టే అని ఒక కొత్త సిద్ధాంతం కనిపెట్టుకుని, కింద వేలాడుతున్న ఛార్జర్ వైరు కొస పట్టుకుని, మోకాళ్ళతోనే ఆమె వెనకాల నడిచాను. గడప దాటేటప్పుడు ప్యాంటు మోకాలి దగ్గర చిరిగింది. మంచి ప్యాంటు అది ఒక్కటే.

లోపల ఆమె పరీక్ష పేపర్లు దిద్దుకునే బల్ల పక్కన ఇన్వర్టర్ ప్లగ్గు ఉంది. మోకాళ్ళ మీద నుంచి నాకు అందకపోతే ఆమే ఛార్జర్ పెట్టింది. దీపం ఆరకుండా నిలబడింది. అరవై ఎనిమిది శాతం.

“లేయండి,” అంది గుసగుసగా. “ఈడ ఎవురూ చూడ్డంలే.”

“దేవుడు చూస్తాండాడు.”

“ఆయన ఇంతసేపూ చూస్తానే ఉండాడు. మీరు పాక్కుంటా వచ్చింది కూడా చూసినాడు.” ఆమె నవ్వు ఆపుకోవడానికి కష్టపడుతోంది. “పెనుకొండలో గేములు సాతాను గాలాలు అన్నారు కదా? ఈ మిషన్ తనదని మా అన్న అంటాడు గానీ, వాడు బెంగళూరు పోయినాక ఆడేది నేనే. మీరు అంత కోపంగా చెప్తాంటే, ఆడి చూసినోడు ఇట్లా చెప్పడు అనుకుని నవ్వొచ్చింది.”

ఆత్మానందం సంగతి అప్పుడు తేలింది.

“ఆడలేదు,” అన్నాను.

“ఈ ఎక్కించేది?”

“ఇది కూడా ఇదే మొదటిసారి.”

ఆమె నన్ను పైనుంచి కిందికి, చిరిగిన మోకాలి దాకా చూసింది. “అట్లనా,” అంది. ఆ ఒక్క మాటతో అంతా అయిపోయిందనుకున్నాను. తలెత్తలేక తెర మీదికే చూస్తూ కూర్చున్నాను. డెబ్బై ఐదు.

బయట పెద్దాయన ప్రార్థన రైల్వే హద్దు దాటింది. “ప్రభువా, ఎండనక వాననక స్తంభాలెక్కే లైన్‌మెన్లను కాపాడు,” అంటున్నాడు. “సబ్‌స్టేషనులో డ్యూటీలో ఉండే బిడ్డలకు జ్ఞాపకం ఇయ్యి. వాళ్ళ చేతుల్ని తొందరపెట్టు.” నేను అమ్మాయి వైపు చూశాను. “లోపలికి పోయిన ఇద్దరినీ కూడా దీవించు తండ్రీ,” అని ఆయన అదే గొంతుతో సాగించాడు. “వాళ్ళ పని చెడిపోకుండా చూడు. అంతదాకా నేను ముగించను.”

అప్పుడు తెలిసింది. ఆయనకు ఫ్యాను ఆగిన క్షణం నుంచి అన్నీ తెలుసు. మేము లోపలికి పోయినట్టూ తెలుసు. మా పని కోసమే, మా మర్యాద కోసమే ఆయన ఆమెన్ చెప్పకుండా ప్రార్థనను పట్టుకుని నిలబడ్డాడు. బండి ఎక్కడ ఆగినా వెనక లాంతరు పట్టుకుని నిలబడి ఉండాల్సిన ఉద్యోగం చేసిన మనిషి. గ్రంథం వేలు పెట్టి చూపించగల నాకు ప్రార్థనతో ఈ పని కూడా చేయవచ్చని తెలియదు.

తొంభై. తొంభై నాలుగు. ఇక నాకు వేరే ఏదీ చెవికెక్కలేదు. పెద్దాయన ఏదో ఇంకా చెబుతూనే ఉన్నాడు, గొంతు కొంచెం మారింది కూడా. తొంభై ఎనిమిది దగ్గర అంకె ఆగింది. పక్కన అమ్మాయి మెల్లగా, “ఆమెన్,” అంది. అంకె నూరైంది. “ఆమెన్!” అని నేను అరిచినంత పని చేశాను.

బయట అందరూ ఆమెన్ అన్నారు. కుర్చీలు జరిగాయి. ఎవరో నవ్వారు, అమ్మ ముక్కు చీదింది.

మిషన్ వెలిగింది. అన్న పరుగున వచ్చి అందుకున్నాడు. తెర మీద అంతా ముందున్నట్టే ఉంది, ఒక మూల కొత్త వరుస ఒకటి తప్ప. పెద్దాయన కళ్ళజోడు దగ్గరగా పెట్టుకుని చూశాడు.

“ఏం మారిందప్పా? ఎప్పట్లానే ఉండాది.”

“లోపల మారిందయ్యా.”

“ఊ, అట్ల మారితేనే మారినట్టు,” అని నా భుజం తట్టాడు. నా ప్రసంగం మొత్తం ఆయన ఆ ఒక్క మాటలో ముగించాడు.

సాయంత్రం ప్యాసింజరులో తిరుగు ప్రయాణం. అమ్మగారు, అమ్మ ఎదురెదురుగా కూర్చుని ఏదో లెక్కలు వేసుకుంటున్నారు. నేను చిరిగిన మోకాలి మీద చెయ్యి కప్పుకుని కిటికీలోంచి చూస్తున్నాను.

“ఏమిరా, మొగం అట్ల పెట్టుకున్యావు?” అంది అమ్మ.

“వాళ్ళు ఏమీ చెప్పలేదు కదమ్మా. ఆ పిల్లకు నేను నచ్చినట్టు లేదు.”

ఇద్దరూ నన్ను వింతగా చూశారు.

“ఇంకేం చెప్పల్ల నాయనా?” అంది అమ్మగారు. “ఆ పెద్దాయన ప్రార్థన ముగించేటప్పుడు అడిగినాడు కదా. ఈ సంబంధం నీ చిత్తమైతే నా బిడ్డ, ఆ పిల్లోడు, ఇద్దరూ వాళ్ళ నోటితోనే ఆమెన్ అననీ ప్రభువా అని. ముందు ఆ పిల్ల అనింది.”

“ఆ యెంటనే నువ్వంటివి,” అంది అమ్మ. “ఏమి తొందర్రా నీకి! నీ అరుపుకు పక్కింట్లో మగ్గం నిలిచిపాయ.”

నేను కిటికీ వదిలి అమ్మ వైపు తిరిగాను. “నేను అనింది మిషన్‌కు అమ్మా. నూరు శాతం అయిందని.”

అమ్మ అటూ ఇటూ చూసి, చెయ్యి అడ్డం పెట్టుకుని నా దగ్గరికి వంగింది. “ఈ మాట యాడా అనొద్దు. మూసుకో.”

అమ్మగారు మాత్రం పడీ పడీ నవ్వింది. పెనుకొండలో బండి దిగి ప్లాట్‌ఫారం మీద నడుస్తూ కూడా నవ్వుతూనే ఉంది. బండి మళ్ళీ కదిలాక నేను లేచి తలుపు దగ్గరికి పోయాను. కొండ పక్కన కోట గోడ మీద చివరి ఎండ పడుతోంది. ఇరవై ఏళ్ళుగా అంటున్న మాటే, వింటున్న మాటే. ఈసారి దేనికి అంటున్నానో తెలిసి, మెల్లగా ఆమెన్ అన్నాను.

తలుపు దగ్గర గంప పెట్టుకుని వేయించిన చెనిక్కాయలు అమ్ముతున్న ఆయన నా వైపు తిరిగాడు. “ఏమన్నా, పిలిచినావా?”

ఇంత సంతోషంలో కాదనబుద్ధి కాలేదు. ఒక పొట్లం తీసుకున్నాను.